దుప్పటి రీలు

మా ఆయన పోయినప్పుడు నాకు ఏడుపు రాలేదు. గొప్పకు చెప్పడం లేదు, సిగ్గుపడీ చెప్పడం లేదు. రాలేదు, అంతే. పొద్దున్నే కాఫీ గ్లాసు తీసుకుని మంచం దగ్గరికి వెళితే గోడ వైపు తిరిగి పడుకుని ఉన్నాడు. పిలిచాను. భుజం మీద చెయ్యి వేశాను. చల్లగా తగిలింది. గ్లాసు కిటికీలో పెట్టి, పక్కింటి తలుపు కొట్టి సంగతి చెప్పి, మళ్ళీ ఇంట్లోకి వచ్చి స్టవ్వు మీది పాలు దించాను. పాలు పొంగితే స్టవ్వు కడిగే పని ఒకటి ఎక్కువవుతుందని ఆ సమయంలో కూడా నాకు తోచింది.

కాసేపటికి ఎమ్మిగనూరులో మా వీధి వీధంతా మా ఇంట్లోనే ఉంది. మద్దికెర నుంచి కూతురు వచ్చి, నా వంతు కూడా కలిపి తనే ఏడ్చింది. మా ఆడబిడ్డ నా పక్కన చేరి మోచేత్తో పొడుస్తూనే ఉంది.

"ఏడ్సు వదినా. లోపలే పెట్టుకుంటే గుండెకు పట్టుకుంటాది."

"వస్తే ఏడ్సనా? రాకుంటే యాడ నుంచి తెచ్చేది?"

"అట్ల బెల్లం కొట్టిన రాయి మాదిరి కూసుంటే జనం ఏమనుకుంటారు?"

జనం ఏమనుకోవాలో అదే అనుకున్నారు. పలకరించడానికి వచ్చిన ఆడవాళ్ళు ముందు నా కళ్ళు చూసి, తర్వాత గోడకు ఆనించిన ఫొటో చూసి, మళ్ళీ నా కళ్ళు చూసి, నోరు నొక్కుకుంటూ వెళ్ళేవాళ్ళు. నాకు మామూలుగా ముక్కు మీద ఉంటుంది కోపం. ఇంకో సమయంలో అయితే ఎవరికి చెప్పాల్సింది వాళ్ళకు చెప్పి పంపేదాన్ని. ఆ రోజుల్లో కోపం కూడా రాలేదు. పన్ను పీకే ముందు చిగుళ్ళకు సూది వేస్తే దవడ మనది కాదన్నట్టు ఉంటుందే, అలా ఉండేది ఒళ్ళంతా. అన్నం పెడితే తిన్నాను. పడుకోమంటే పడుకున్నాను. నిద్ర కూడా బాగానే పట్టింది. అది మాత్రం ఎవరికీ చెప్పలేదు.

ఎందుకు రాలేదో నాకు తెలుసని అనుకున్నాను. ఆ మనిషికీ నాకూ మాటల్లేవు. కొట్లాడుకుని మానేసిన మాటలు కావు, మొదటి నుంచీ లేనివే. మంచివాడే. చెయ్యెత్తలేదు, ఇంట్లో సరుకులకు లోటు చేయలేదు, పిల్లకు జ్వరం వస్తే తెల్లవార్లూ ఎత్తుకుని తిరిగాడు. కానీ ఉప్పు కావాలంటే వేలు చూపించేవాడు. మంచినీళ్ళు కావాలంటే గ్లాసు మీద గోటితో కొట్టేవాడు. పది మాటలకు నేను ఆగి ఊపిరి తీసుకుంటే ఆయన ఒక "ఊ" అనేవాడు. ఆ "ఊ" నేను చెప్పినదానికో, ఆయన మనసులో నడిచేదానికో కూడా తెలిసేది కాదు. కొన్నేళ్ళకు నేనూ చెప్పడం తగ్గించాను. గోడతో మాట్లాడితే గోడయినా మన గొంతు మనకు తిరిగి ఇస్తుంది.

తమాషా ఏమిటంటే, ఆ మనిషి మాటలు అమ్ముకుని బతికినవాడు.

అప్పట్లో ఆదోనిలో ఒక హోల్‌సేల్ షావుకారుకు వ్యాను ఉండేది. సబ్బులు, లాంతర్లు, అగ్గిపెట్టెలు, దుప్పట్లు ఆయన దుకాణం నుంచే చుట్టుపక్కల ఊళ్ళకు వెళ్ళేవి. వ్యానులో ప్రొజెక్టరు, జనరేటరు, మైకు, మడతపెట్టిన తెల్ల తెర ఉండేవి. పొద్దు గూకాక ఊరి మధ్య ఆపి, తెర కట్టి, ఆ సరుకులు ఎలా తయారవుతాయో చూపించే చిన్న చిన్న బొమ్మలు వేసేవాళ్ళు. ఆ కంపెనీలు ఎప్పుడో పాత రోజుల్లో తీయించిన మూగ బొమ్మలవి. టాకీలు వచ్చి ఎన్నో ఏళ్ళయినా వీటికి గొంతు రాలేదు. మధ్యమధ్యలో నల్లటి పలక మీద ఇంగ్లీషు అక్షరాలు పడేవి. వాటిని చదివేవాళ్ళు ఆ ఊళ్ళలో ఎవరున్నారు? అందుకని షావుకారు ఒక నోరున్న మనిషిని పెట్టుకున్నాడు. బొమ్మ నడుస్తుంటే తెర పక్కన మైకు పట్టుకుని నిలబడి, ఏం జరుగుతోందో జనానికి చెప్పడం ఆయన పని. ఆ నోరు మా ఆయనది.

ఆయన పని చేస్తుండగా నేను చూసింది ఒక్కసారే. మా చిన్నమ్మ ఊరు హాలహర్వి. ఆమె కూతురి సీమంతానికి వెళ్ళాను. ఆ సాయంత్రం ఊళ్ళోకి వ్యాను వచ్చిందని పిల్లలు పరుగెత్తారు. మేము గిన్నెలు తోమి, పిండి కలిపి పెట్టి వెళ్ళేసరికి ఒక రీలు అయిపోయింది, సబ్బు రీలు నడుస్తోంది. పెద్ద పెద్ద గంగాళాల్లో నూనె ఉడుకుతోంది. గట్టిపడిన సబ్బు గడ్డను సన్నటి తీగతో కోస్తున్నారు. నెత్తి మీద టోపీలు పెట్టుకున్న ఆడపిల్లలు వరుసగా కూర్చుని ఒక్కో సబ్బుకు కాగితం చుడుతున్నారు. ఏ దేశమో, ఎప్పటి మనుషులో.

"నోడ్రప్పా, నోడ్రి! దేఖో భాయ్! ఈ దొరసాని సబ్బు కోస్తాండేది సూడండి. మీ అత్త కోపంలో రొట్టె విరిసినట్ల కాదు, నున్నగా, వెన్న కోసినట్ల! అమ్మా, నువ్వు, ఆ ఎర్ర సీర, నిన్నే. ఈ సబ్బుతో మీ ఆయన సొక్కా ఉతికితే మళ్ళీ పెండ్లికొడుకు అయితాడు, జాగ్రత్త!"

హాలహర్విలో సగం మంది కన్నడం మాట్లాడతారు. అందుకని కన్నడం, తెలుగు, ఉర్దూ మూడూ కలిపి రుబ్బి పోస్తున్నాడు. జనం ఒకరి మీద ఒకరు పడి నవ్వుతున్నారు. నేనూ కడుపు పట్టుకుని నవ్వాను. పక్కనున్నామె "యా ఊరప్పా ఈయనది?" అని అడిగితే, తెలియదన్నాను. ఆ గొంతు నాకు నిజంగానే తెలియదు. మరునాడు నేను ఎమ్మిగనూరుకు వచ్చాను, ఆ తర్వాతి రోజు ఆయన వచ్చాడు. గ్లాసు మీద గోటితో కొట్టాడు. నీళ్ళు ఇచ్చాను.

ఆ రోజు నేను అడిగేశాను. "ఊరందరితో మాట్లాడే నోరే కదా, నాతో ఒక మాట మాట్లాడితే ముత్యాలు రాల్తాయా?"

ఆయన గొంతు మీద చెయ్యి పెట్టుకుని చూపించాడు. అరిచి అరిచి నొప్పిగా ఉందని కాబోలు. వేణ్ణీళ్ళు పెట్టి ఇచ్చాను. సబ్బుకు అన్ని మాటలు దొరికిన మనిషికి నా కోసం ఒక్కటి దొరకలేదని, నీళ్ళు కాగేంతసేపూ పొయ్యి ముందు నిలబడి అనుకున్నాను. ఆ తర్వాత మళ్ళీ అడగలేదు.

అసలు ఆయన వ్యానులో ఉన్న రీళ్ళలో ఒకదానిలో నేను కూడా ఉన్నాను.

సబ్బుకూ లాంతరుకూ బొమ్మలున్నాయి, మన ఎమ్మిగనూరు దుప్పటికి ఎందుకుండకూడదని షావుకారుకు పుట్టింది. బళ్ళారి నుంచి కెమెరా మనిషిని పిలిపించాడు. మా పుట్టింట్లో తీయాలనుకున్నారు. మగ్గం పక్కనే పెద్ద కిటికీ ఉంది, వెలుతురు బాగా పడుతుందని. కిటికీ చూసుకున్నారు, వెలుతురు చూసుకున్నారు, ఆ రోజు అమావాస్య అని మాత్రం చూసుకోలేదు. అమావాస్య నాడు నేతగాళ్ళు మగ్గం గుంటలో దిగరు. ఆ రోజు మగ్గానికి దీపం పెట్టి మొక్కుతారు గానీ పని చేయించరు. మా నాయన కుదరదన్నాడు. కెమెరా మనిషి తనకు రేపు ఇంకో ఊళ్ళో పనుందన్నాడు. షావుకారు మనిషి ఇద్దరి మధ్యా చేతులు పిసుక్కుంటూ తిరిగాడు.

చివరికి మా వీధి పెద్దాయన ఒకరు తీర్పు చెప్పారు. "నాడెలో కండె పెట్టొద్దప్పా. ఉత్త నాడె ఆడిస్తే నేసినట్ల కాదు. ఊరికే మగ్గం ఊపినట్ల. దేవునికీ కోపం రాదు, షావుకారికీ కోపం రాదు."

దారం చుట్టిన కండెను నాడెలో పెడితేనే అది అటూ ఇటూ పరుగెత్తినప్పుడల్లా ఒక్కో పోగు వదులుతుంది, బట్ట పెరుగుతుంది. కండె లేకపోతే నాడె ఎంతసేపు తిరిగినా బట్ట అక్కడే ఉంటుంది. బొమ్మలో అదంతా ఎవరికి తెలుస్తుందని అనుకున్నారు. మా నాయన కొత్త చొక్కా వేసుకుని గుంటలో దిగి ఉత్త నాడె ఆడించాడు. నన్ను గడప పక్కన రాట్నం ముందు కూర్చోబెట్టారు, కండెలు చుడుతున్నట్టు. మా నాయన నియమం నాకూ వర్తించింది కాబట్టి నా రాట్నానికీ దారం లేదు. ఉత్త రాట్నం తిప్పుతుంటే నాకు నవ్వొచ్చింది. కెమెరా మనిషి నవ్వొద్దన్నాడు. దాంతో ఇంకా నవ్వొచ్చింది. అప్పుడు నాకు పదహారేళ్ళు.

ఆ రీలును ఎమ్మిగనూరులో ఒక్కసారి కూడా వేయలేదు. వేస్తే ఆ మోసం మా వీధి పిల్లలకు కూడా దొరికిపోయేది. మగ్గం ఆడుతోంది, దుప్పటి మాత్రం పెరగడం లేదని అరిచి గోల చేసేవాళ్ళు. అందుకని నేసే ఊళ్ళు వదిలిపెట్టి, సేద్యం చేసే ఊళ్ళలో వేసేవాళ్ళు. పత్తికొండ వైపు, మద్దికెర వైపు, హాలహర్వి వైపు. హాలహర్విలో నేను వెళ్ళేసరికి అయిపోయిన రీలు అదేనట. అలా నేనున్న బొమ్మ నేను చూడనేలేదు. అది తీసిన మరుసటి ఏడు ఎవరో మధ్యవర్తి మాట తెచ్చి, వ్యానులో మైకు పట్టుకునే ఆయనతో నాకు పెళ్ళి చేశారు.

ఆయనదీ నేత ఇల్లే. ఆ నాడె ఉత్తదని ఆయనకు మొదటి చూపుకే తెలిసి ఉంటుంది. ఆ ముక్క దగ్గర జనానికి ఏం చెప్పి దాటించేవాడో? గడప పక్కన కూర్చున్న నా గురించి ఏమైనా చెప్పేవాడా? పెళ్ళయిన కొత్తలో ఒకట్రెండుసార్లు నోటి దాకా వచ్చి ఆగింది. ఆ తర్వాత పిల్ల పుట్టింది, ఇంటి పని, ఒంటి పని, ఆ ప్రశ్న అడుగున పడిపోయింది. ఊళ్ళలోకి టీవీలు వచ్చాక వ్యాను నిలిచిపోయింది. ఆయన ఎమ్మిగనూరులోనే ఒక బట్టల దుకాణంలో పనికి కుదిరి, చివరిదాకా దుప్పట్లు విప్పి చూపించి మళ్ళీ మడతపెట్టాడు. అక్కడ కూడా పెద్దగా మాట్లాడేవాడు కాదని షాపు వాళ్ళే చెప్పారు.

ఆయన పోయాక, అడుగున పడిన ఆ ప్రశ్న ఒక్కటే పైకి తేలింది. సబ్బు గురించి అంత మాట్లాడినవాడు, తెర మీద నేను కనిపించినప్పుడు నా గురించి ఒక్క మాటయినా అన్నాడా? అని ఉంటే ఆ మాట నాకు కావాలి. అనకపోతే ఆ సంగతైనా తెలియాలి. అప్పుడు ఏడవకపోయినా నా తప్పేమీ లేదని నా మనసుకు నేను చెప్పుకోవచ్చు. రోజులు గడిచేకొద్దీ ఇంకేదీ అక్కర్లేకుండా అదొక్కటే పట్టుకుంది.

దాన్ని అడగడానికి మనిషి తనంతట తానే వచ్చాడు. వ్యానులో ప్రొజెక్టరు నడిపిన సాయిబు ఆదోని నుంచి పలకరించడానికి వచ్చాడు. మా ఆయన కంటే కాస్త చిన్నవాడు. ఆయన్ను అన్నా అని పిలిచేవాడట, అందుకని నన్ను వదినా అన్నాడు. నేను ఆయన్ను చూడడం అదే మొదలు. మా ఆయన పని సంగతులు ఇంటికి తెచ్చేవాడు కాదు, ఇంటి సంగతులు పనికి తీసుకెళ్ళేవాడు కాదు. సాయిబు ఫొటో ముందు కూర్చుని కళ్ళు తుడుచుకున్నాడు. నాకు రానిది ఆయనకు వచ్చింది.

"అన్న మైకు పట్టుకుంటే, ఎద్దులు గూడా తిరిగి సూస్తాండె వదినా," అన్నాడు. "షావుకారు వ్యాను పాత ఇనుం కింద గుజిరీకి ఏసినప్పుడు మిషనూ రీళ్ళూ నేను ఇంటికి తెచ్చుకుంటి. సబ్బుది, లాంతరుది అతుక్కుపోయి గడ్డలైపోయినాయి. దుప్పటి రీలు ఒగటి ఇంకా నడుస్తాది."

"నాకు సూపిస్తావా అన్నా?" అన్నాను.

ఆయన ఆ మాట ఊహించలేదు. మా ఆడబిడ్డ అసలే ఊహించలేదు. మనిషి అటు పోగానే అందుకుంది.

"ఇంగా నెల తిరగల్యా, గడప దాటుతావా? యాడికి పోతావు?"

"ఆదోనికి. సినిమాకు."

ఆ మాట కూడా వీధంతా తిరిగి ఉంటుంది. తిరగనీ అనుకున్నాను. మొండితనం కాదు, నిజంగానే పట్టలేదు.

పత్తి వచ్చే కాలం అది. ఆదోని దారి పొడుగునా లారీల నుంచి రాలిన దూది ముళ్ళ కంపల మీద పట్టుకుని ఉంది. బస్సులో నా పక్కన కూర్చున్న అమ్మాయి ఫోనులో ఏదో చూస్తోంది, ఒక చేత్తో జీలకర్ర బిళ్ళలు నములుతూ. తొంగి చూస్తే ఎక్కడో బిస్కెట్లు ఎలా తయారవుతాయో చూపిస్తున్నారు. పిండి పడడం, అచ్చు దిగడం, బిస్కెట్లు వరుసగా పొయ్యిలోకి వెళ్ళడం. గొంతు లేదు, కింద అక్షరాలు మాత్రం వస్తున్నాయి. ఆ అమ్మాయి అక్షరాలు చదవడం కూడా లేదు. ఊరికే చూస్తోంది. ఇప్పుడు మళ్ళీ అందరూ మూగ బొమ్మలే చూస్తున్నారు, చెప్పే మనిషి మాత్రం అక్కర్లేదు అనుకున్నాను. ఆ ఆలోచనకు కూడా నాకు ఏమీ అనిపించలేదు.

సాయిబు ఇల్లు కోట కొండ కింద గల్లీలో ఉంది. ముందు గదిలో కొడుకు మిక్సీలు, ఫ్యాన్లు బాగు చేస్తాడు. వెనక గదిలో కిటికీలకు దుప్పట్లు కట్టి చీకటి చేశారు. సాయిబు భార్య నాకు కుర్చీ వేసి, టీ ఇచ్చి, నా చెయ్యి ఒకసారి పట్టుకుని వదిలేసి వెళ్ళిపోయింది. ఏడవమని చెప్పని మొదటి ఆడమనిషి ఆమె. రీలు డబ్బా మూత తీస్తే పులిసిన గంజి వాసన వచ్చింది. సాయిబు రీలు తగిలించి, ప్రొజెక్టరు వేసి, గోడ మీద వెలుగు పడేలా సర్దాడు. మిషను టకటకమని కొట్టుకోవడం తప్ప గదిలో ఇంకో చప్పుడు లేదు.

పత్తి చేను వచ్చింది. నూలు చిలపలు, ఆ దారం కట్టలు, రంగు తొట్టిలో మునిగాయి, లేచాయి. మా వీధిలో నిలువు పోగుల పడుగు బారుగా చాపి ఉంది, ఇప్పుడు లేని మనుషులు దాని పక్కన నడుస్తున్నారు. మగ్గం గుంటలో మా నాయన. ఆయన పోయి ఎన్నేళ్ళయిందో. కాళ్ళు ఆడుతున్నాయి, చేతులు ఆడుతున్నాయి, నాడె అటూ ఇటూ పరుగెత్తుతోంది, దుప్పటి ఉన్నచోటనే ఉంది. కొత్త చొక్కా కాలరు దగ్గర బిగుతుగా ఉన్నట్టుంది, మెడ తిప్పుకుంటున్నాడు. చూశాను. బాగుంది అనుకున్నాను. అంతకు మించి ఏమీ రాలేదు.

తర్వాత గడప వచ్చింది. గడప పక్కన రాట్నం, రాట్నం ముందు ఒక పిల్ల. జడ ముందుకు వేసుకుంది. నవ్వు ఆపుకోవడానికి కింది పెదవి కొరుక్కుంటోంది, ఆగడం లేదు, తల పక్కకు తిప్పుకుంటోంది, మళ్ళీ ఇటు చూసి నవ్వుతోంది. ఎవరింటి పిల్లో అన్నట్టు చూశాను. ఇంత సన్నగా ఉండేదాన్నా అని మాత్రం తోచింది. ఆమె నోరు కదులుతోంది, ఏదో అంటోంది. ఏమన్నానో నాకే గుర్తు లేదు. ఈ బొమ్మకు ఆయన గొంతు ఒకటి ఉండేది కదా, ఇప్పుడు ఆ చోటు కూడా ఖాళీ.

దుప్పట్లు మడతపెట్టే ముక్క వచ్చేసరికి అడిగాను.

"అన్నా, ఇందాక గడప కాడ పిల్ల వచ్చె కదా. ఆ ముక్కకు ఆయన ఏం సెప్తాండె?"

సాయిబు మిషను ఆపి, తల గోక్కున్నాడు. ఆ పిల్ల ఎవరో ఆయనకు తెలియదు. నేను చెప్పలేదు. మా ఆయన కూడా చెప్పలేదన్నమాట.

"ఆ ముక్కకా? ఏం సెప్పేవాడు కాదు వదినా."

"ఒక్క మాట గూడా?"

"ఊహూ. అన్నింటికీ సెప్పేవాడు. రంగు తొట్టికి సెప్పేవాడు, పడుగుకు సెప్పేవాడు, ఉత్త నాడె ఆడేటప్పుడు ఏందేందో కథ సెప్పి జనాల్ని నవ్విస్తాండె. ఆ పిల్ల కాడికి వచ్చేసరికి ఏమీ లేదు."

సరే అనుకున్నాను. తెలుసుకోవాలనుకున్నది తెలిసింది. ఒక విధంగా తేలికయింది కూడా. ఇంక ఎవరు ఏడవమన్నా నా దగ్గర జవాబు ఉంది. టీ గ్లాసు కింద పెట్టి, కొంగు సర్దుకుని లేవబోయాను. ఎమ్మిగనూరు బస్సు ఎన్నింటికో అడుగుదామని కూడా అనుకున్నాను.

సాయిబు మాత్రం తన పాత రోజుల్లోకి వెళ్ళిపోయాడు. రీలును చేత్తో వెనక్కి తిప్పుతూ మాట్లాడుతున్నాడు.

"ఆ ముక్క వస్తాంటే నాకు గుండె దడ వదినా. మిషను కాడికొచ్చి మైకు నా సేతికిచ్చి దిగిపోతాండె. నాకు మాటలు యాడొస్తాయి? గట్టి దుప్పటి, మంచి దుప్పటి, అని రెండు ముక్కలు సెప్పి నెట్టుకొస్తాంటి. జనం ఆయన్ని పిలువు, ఆయన్ని పిలువు అని గోల చేస్తాండ్రి."

"దిగి యాడికి పోతాండె?"

"జనంలోకి. మైకు కాడ నిలబడితే బొమ్మ వంకరగా కనపడ్తాది కదా. ఆడ నుంచి అన్న ఏ బొమ్మా సక్కగా సూసిందే లేదు. ఆయన గబగబా జనంలో దూరి, పర్దాకు ఎదురుగా పోయి నిలబడ్తాండె. ఆ ముక్క అయిపోతానే తిరిగొచ్చి మైకు తీసుకుంటాండె. ప్రతి ఊర్లో అంతే. రీలు వచ్చిన కొత్తలో నుంచి అంతే, వ్యాను నిలిచిపోయేదాకా అంతే. బీడీ తాగేదానికి పోతాడేమోలే అనుకుంటి నేను."

"ఆయన బీడీ తాగడన్నా," అన్నాను.

ఆయన జీవితంలో బీడీ ముట్టలేదు. నూలు ఉన్న ఇంట్లో పుట్టిన మగవాళ్ళు నిప్పంటే భయపడి పెరుగుతారు. ఆయన చొక్కాలు ఇన్నేళ్ళూ నా చేతులతో ఉతికాను. ఊళ్ళు తిరిగిన దుమ్ము వాసన ఉండేది, జనరేటరు నూనె వాసన ఉండేది. పొగ వాసన ఒక్కనాడూ లేదు.

నన్ను చూడడానికి దిగేవాడు. ఇంకేమీ లేదు. రీలు వచ్చిన కొత్తలో అంటే మా పెళ్ళికి ఏడాది ముందు. పెళ్ళిచూపుల్లో ఆయన తల ఎత్తలేదు, పిల్ల నచ్చిందా అంటే నేల చూస్తూ "ఊ" అన్నాడు. నేను నచ్చలేదేమో, పెద్దల మాట కాదనలేక ఒప్పుకున్నాడేమో అనుకుంటూ కాపురానికి వెళ్ళాను. అదే మనసులో పెట్టుకుని ఇన్నేళ్ళూ ఆయనకు అన్నం వడ్డించాను. ఆయన ఊరూరా మైకు వదిలేసి, తెలియని జనం మధ్య నిలబడి, నేను నవ్వుతుంటే చూసి వచ్చేవాడు. చూసి, ఇంటికి వచ్చి, గ్లాసు మీద గోటితో కొట్టేవాడు.

ముందు కోపం వచ్చింది. ఆయన పోయిన తర్వాత నాకు వచ్చిన మొదటి కోపం. అరికాళ్ళ నుంచి లేచింది. సాయిబు రీలు సరిగ్గా ఆ ముక్క దగ్గరికి తిప్పి మళ్ళీ మిషను వేశాడు. గోడ మీద ఆ పిల్ల పెదవి కొరుక్కుంటూ రాట్నం తిప్పుతోంది. నేను కుర్చీలో నుంచి లేచి నిలబడ్డాను. నా గొంతు నాకే తెలియనంత పెద్దగా వచ్చింది. గోడ మీది పిల్లతో కాదు, సాయిబుతో కాదు, ఆయనతోనే అన్నాను. పోయిన మనిషిని పిలిచి పిలిచి ఏడుస్తానని మా ఎమ్మిగనూరు ఆడవాళ్ళంతా ఎదురుచూసిన ఏడుపు, ఆదోనిలో, మొదటిసారి అడుగుపెట్టిన ఇంట్లో వచ్చింది. ముందు గదిలో మిక్సీ ఆగిపోయింది. సాయిబు భార్య పరుగెత్తుకుంటూ వచ్చింది.

"ఇంట్లోనే ఉంటి కదయ్యా!" అన్నాను. "నేను ఇంట్లోనే ఉంటి కదా!"